లేవని గేదె వంపు

భూమ్మీద ఉన్న ప్రతి ఊరికీ ఒక భూగోళమూ, ఒక చరిత్రా ఉండి తీరాలనీ, లేని ఊళ్లు ఈ పంటకాలం మొదలయ్యేలోగా వాటిని సమకూర్చుకోవాలనీ స్థలాల అస్తిత్వ నిర్ధారణ విభాగం వారు సెలవిచ్చారు. ఇవి లేకుండా ఇన్నాళ్లూ ఊళ్లు ఎలా నెట్టుకొచ్చాయో తమకు అంతుపట్టడం లేదని కూడా అందులో రాశారు. (మాకూ అంతుపట్టదు. పొద్దున లేస్తాం, పనికి పోతాం, అలా జరిగిపోయింది.)

మాది ఊరు అంటే పక్క ఊరివాళ్లు నవ్వుతారు. కొన్ని పెంకుటిళ్లు, కొన్ని రేకుల కొంపలు, అందరికీ కలిపి ఒక కళ్లం, ఒక బావి. ఇవన్నీ కాలువ వంపులో ముడుచుకుని కూర్చుంటాయి. తూర్పున కాలువ. ఉత్తరం నుంచి తారు రోడ్డు వస్తుంది, మమ్మల్ని ఒకసారి చూసి వెనక్కి తిరిగిపోతుంది. దక్షిణాన మా పొలాలు. పడమటి వైపూ పొలాలే గాని అవి మావి కావు. భూగోళం ఇంతటితో సమాప్తం. పరీక్షలో ఇస్తే ఎంత మొద్దబ్బాయైనా గట్టెక్కుతాడు.

చరిత్ర శాఖ 'అప్పట్లో తాత' చేతిలో ఉంది. ఏం మాట్లాడినా 'అప్పట్లో' అని మొదలుపెడతాడు గనక ఆయనకు ఆ పేరు స్థిరపడింది. ఆయన చెప్పే చరిత్ర ఇది: అప్పట్లో కాలువ తవ్వించడానికి ఒక ఇంజినీరు వచ్చాడు. ఈ కొస నుంచి ఆ కొసకు తిన్నగా తాడు లాగించాడు. తాడుకు అడ్డంగా ఒక గేదె పడుకుని ఉంది. అదిలించారు, లేవలేదు. పచ్చగడ్డి చూపించారు, తల తిప్పి అందినంత తిన్నది గాని లేవలేదు. యజమాని వచ్చి బుజ్జగించాడు, తోక మెలిపెట్టాడు, చివరికి ఇంట్లో సంగతులన్నీ చెప్పుకుని ఏడ్చాడు. అదీ విన్నది, లేవలేదు. పొద్దు వాలుతోంటే ఇంజినీరు విసుగెత్తి తాడును గేదె చుట్టూ తిప్పించాడు. కాలువ అలాగే తవ్వారు. ఆ వంపులో మా తాతలు ఇళ్లు కట్టుకున్నారు. మా గడ్డ మీదికి రాజులు రాలేదు, యుద్ధాలు జరగలేదు. మా చరిత్ర మొత్తమ్మీద జరిగిన ఘనకార్యం ఒక గేదె లేవకపోవడం.

ఇంతమాత్రం చరిత్రతో మేం సుఖంగానే ఉండేవాళ్లం. ఆదేశంలో చివరి వాక్యం లేకపోతే. అస్తిత్వం నిర్ధారణ కాని ఊళ్లకు కాలువ నీళ్లు వదలరాదు, అని ఉంది అక్కడ. తర్కం ప్రకారం తప్పు పట్టడానికి లేదు. లేని ఊరికి నీళ్లెందుకు?

ఈ కబురు మిగతావాళ్లకు ఉత్త కబురు. మా పిన్నికి పిడుగు. ఎందుకంటే ఊళ్లో అందరూ కాలువకు నీళ్లు వచ్చాక విత్తనం నానబెడతారు. మా పిన్ని మాత్రం నీళ్లు వస్తాయన్న తేదీని నమ్మి ముందే నారు పోస్తుంది. (ప్రభుత్వం చెప్పిన తేదీని నమ్మే మనిషి మా వైపు ఆవిడ ఒక్కతే. ఆవిణ్ణి చూడ్డానికి పక్క ఊళ్లనుంచి రావాలి నిజానికి.) ఈసారీ పోసింది. కాలువ పక్కనే, ఊళ్లోకి వచ్చే దారి మలుపులో, ఇంటి వాకిలంత మడి. కానీ అందులో పోసింది మామూలు విత్తనం కాదు. వాళ్ల అత్తగారు ఏటేటా కుండలో దాచి, పోతూ పోతూ పిన్ని చేతిలో పెట్టిన పాత రకం వడ్లు. ఊళ్లో ఇంకెవరి దగ్గరా లేవు. కుండ బోర్లించి, అడుగున ఉన్నవి కూడా దులిపి పోసింది. నారు బెత్తెడు లేచింది. ఇక నీళ్లు కావాలి. బావిలో ఊరేవి ఊరి దాహానికే సరి.

నీళ్లు కాలువ నిండా ఉన్నాయి. తూము తలుపు ఎత్తితే చాలు. తలుపు ఎత్తి దించే లస్కరు ఎవరో కాదు, మా మేనమామ కొడుకు, అంటే నాకు బావ, పిన్నికి సొంత మేనల్లుడు. చిన్నప్పుడు పిన్ని చేతి ముద్దలు తిని ఒళ్లు చేసినవాడు. కానీ ఇప్పుడు తూము తలుపుకు ఒక పెట్టె బిగించారు. జాన ఎత్తు లేపినా అది పైవాళ్లకు చెప్పేస్తుంది, ఏ లేని ఊరికి నీళ్లు ఇచ్చావని సంజాయిషీ అడుగుతారు, ఉద్యోగం ఊడుతుంది. బావ ఈ సంగతి పిన్నికి చెప్పలేక మూడు నాలుగు చోట్ల మొహం చాటేసి, చివరికి బావి దగ్గర దొరికిపోయాడు.

"అత్తా, నన్ను తిట్టు, కొట్టు. తలుపు మాత్రం ఎత్తమనకు."

"ఎత్తొద్దులేరా. బిందె ఎత్తు," అంది పిన్ని.

నిబంధనలు వెతికితే, దాహం నిమిత్తం బిందెతో ముంచుకోవడం నేరం కాదని తేలింది. ఎవరి దాహమో రాయలేదు. ఆనాటి నుంచి కాలువకు అధికారికంగా కాపలా కాసే మనిషే అనధికారికంగా బిందెలు మోస్తూ వచ్చాడు. ఎంత మోసినా మడిలో ఒక మూల తడిసేది, మిగతాది చూస్తూ ఉండేది.

ఇక దరఖాస్తు. దాన్ని నింపే బాధ్యత మాస్టారికి అప్పగించాం. ఊళ్లో అర్థం కాకపోయినా తలాడిస్తూ చదవగలిగినవారు ఆయనే. అందులో కీలకమైన గడి ఇది: 'మీ ఊరిలోని ప్రధాన గుర్తులు, స్థానికులు పిలిచే పేర్లతో సహా తెలపండి. వీటిలో కనీసం ఒకటి, తెలిపిన విధంగానే, తెలిపిన చోటనే ఉన్నట్టు పరిశీలనలో తేలవలెను.' దీనికంటే సులువైన ప్రశ్న ఉంటుందా? కళ్లంలో కూర్చుని తలా ఒకటి చెప్పాం, మాస్టారు గుండ్రటి అక్షరాలతో రాశారు. కాలిపోయిన గడ్డివాము. పడిపోయిన గోడ. కొట్టేసిన జామచెట్టు. లేవని గేదె వంపు.

అక్కడే మా కొంప మునిగింది. మా ఊరికి ఒక అలవాటుంది, అది అలవాటని మాకే తెలీదు. ఉన్నవాటికి మేం పేర్లు పెట్టం. బావి ఉంది, అది బావి. కళ్లం ఉంది, అది కళ్లం. కళ్లెదుట కనబడుతున్నదానికి ఇంకా పేరెందుకు? ఏదైనా పోయినప్పుడే దానికి పేరు వస్తుంది. కొత్తగా కాపురానికి వచ్చిన కోడలు కూడా వారం తిరక్కుండానే 'కొట్టేసిన జామచెట్టు పక్కింట్లో ఉంటాం' అని చెబుతుంది. ఆ చెట్టును ఆవిడ మొగుడు కూడా చూసి ఎరగడు.

పరిశీలకుడు వచ్చాడు. బూట్లు మెరుస్తున్నాయి, మనిషి మర్యాదస్తుడు. చేతిలో ఫోను, ఫోనులో యాప్, యాప్‌లో ఒక ఆడగొంతు. ఊరు ఇంకా పటం మీద లేదు గనక ఆ గొంతు మొదటే, "మీరు కాలువలో ఉన్నారు. దయచేసి ఒడ్డుకు రండి," అంది. ఆయన కళ్లం మధ్యలో నిలబడి ఉన్నాడు. నాలుగడుగులు వెనక్కి వేశాడు. ఇంకా కాలువలోనే ఉన్నారంది. అలా వెనక్కి నడిచీ నడిచీ పిన్ని మడి గట్టు పక్కన, బిందెల నీళ్లు ఒలికిన బురదలో కాలు పెట్టాడు. "ఇప్పుడు మీరు ఎక్కడా లేరు. ధన్యవాదాలు," అంది గొంతు. ఆయన ఊపిరి పీల్చుకున్నాడు. పిన్ని బూట్లు కడుక్కోమని చెంబు ఇచ్చింది, ఆ చెంబెడు నీళ్లూ మడిలోకి పారేలా ఆయన్ని ఎక్కడ నిలబెట్టాలో అక్కడ నిలబెట్టింది.

తర్వాత గుర్తులు. గడ్డివాము ఎక్కడ అన్నాడు. కాలిపోయింది కదండీ అన్నాం. గోడ? పడిపోయింది. చెట్టు? కొట్టేశారు. వంపు దాకా వెళ్లి కాలువ వైపు, గడ్డి వైపు, మా వైపు చూసి, గేదె ఏదని అడిగాడు.

"అప్పట్లో ఇక్కడే ఉండేది," అన్నాడు అప్పట్లో తాత, ఇప్పుడే ఎక్కడికో వెళ్లింది అన్నట్టు.

పరిశీలకుడు మంచివాడే. కొండను తవ్వి ఎలుకనైనా పట్టుకుపోదామని చూశాడు. దరఖాస్తులో రాయకపోయినా స్థానికులు ప్రత్యేకంగా పేరు పెట్టి పిలిచే గుర్తు ఏదైనా కంటికి కనిపిస్తే చేర్చే అధికారం తనకుందన్నాడు. బావిని చూపించి, దీన్ని ఏమంటారు అన్నాడు. బావి అన్నాం. అంటే ఏ బావి? ఉన్న బావి. మాస్టారు చురుగ్గా అందుకుని, దీన్ని తరతరాలుగా తియ్యనీళ్ల బావి అంటామని చెప్పబోయారు. కానీ ఇంకో సాక్షి కావాలి. సాక్షిగా తాత నిలబడ్డాడు.

"అప్పట్లో ఎవరూ అలా అనలేదే," అన్నాడు.

(చరిత్రకారులు నిజమే చెప్పాలని అంటారు. ఎప్పుడు నోరు మూసుకోవాలో కూడా వాళ్లకు ఎవరైనా చెబితే బావుండును.) ఆ విధంగా మా ఊరి మీద మొదటి నివేదిక వెళ్లింది. 'పేర్లు ఉన్నవి లేవు. ఉన్నవాటికి పేర్లు లేవు. ఊరు కనబడలేదు.' కింద, టీ ఇచ్చారు అని కూడా రాశాడు, పాపం.

దరఖాస్తు దిద్దుకుంటామని అర్జీ పెట్టాం. దిద్దుబాటు సదుపాయం నిర్ధారణ అయిన ఊళ్లకు మాత్రమే అని జవాబు వచ్చింది. అంటే ఉన్నామని తేలాక, మేం లేమని చెప్పిన దరఖాస్తును దిద్దుకోవచ్చు. మాస్టారు దీన్ని గొంతు మార్చి మార్చి చదివి, భాష బావుందన్నారు. ఈలోగా నారు కొసలు పసుపు తిరిగాయి. పిన్ని మడి గట్టున కూర్చుని ఒక్కో మొక్కను ముట్టుకుని చూసేది. నోరుగల మనిషి, ఊళ్లో ఎవరిచేతా మాట పడనిది, ఆ వారం ఎవర్నీ ఒక్క మాట అనలేదు. మాకు భయం వేసింది.

అందుకే అందరం ఒక నిర్ణయానికి వచ్చాం. గుర్తులు లేకపోవడమే కదా చిక్కు? పెడదాం. ఇళ్లలోంచి తలా ఇంత గడ్డి తెచ్చి పాత చోటనే వాము వేశాం. పడిపోయిన గోడను ఎప్పటి రాళ్లతో అప్పటిలా లేపాం. జామచెట్టును రాత్రికి రాత్రి పెంచలేం గనక దాన్ని వదిలేశాం. మాస్టారింటి గేదెను వంపుకు తోలుకెళ్లి, ముందు కుడితి పెట్టి పడుకోబెట్టాం. మా తాతల కాలం తర్వాత ఊరంతా ఒక్క తాటి మీద నిలబడటం అదే మొదలు. పొద్దున్నే స్నానాలు చేసి పరిశీలకుడి కోసం ఎదురుచూశాం.

ఆయన వచ్చాడు. గడ్డివామును చూసి మొదట సంతోషించాడు. చుట్టూ తిరిగాడు, ఒక పరక లాగి చూశాడు, మొహం వాడిపోయింది.

"ఇది కాలిపోలేదు కదండీ."

నిజమే. దరఖాస్తులో కాలిపోయిన గడ్డివాము అని ఉంది. తెలిపిన విధంగా ఉండాలి. ఇప్పుడే కాల్చేస్తాం సార్ అని బావ అగ్గిపెట్టె తీశాడు. తగలబెట్టడానికి అనుమతి వేరే విభాగం ఇవ్వాలన్నాడాయన. గోడ దగ్గరా అదే కథ, నిటారుగా నిలబడి ఉంది. మేం దాన్ని ఇంత గట్టిగా కట్టి ఉండాల్సింది కాదు, ఇద్దరం తోసినా పడలేదు. ఇక మిగిలింది గేదె. వంపులో చక్కగా పడుకుని నెమరు వేస్తోంది. యాప్‌లో ఆడగొంతు కూడా, "గుర్తును సమీపిస్తున్నారు," అంది. ఆయన ఫోటోకు ఫోను ఎత్తాడు.

గేదె లేచింది.

మెరిసే బూట్లు దానికి కొత్త కాబోలు. లేచి, ఆయన్ని ఎగాదిగా చూసి, దులుపుకుని, ఇంటిదారి పట్టింది. పూర్వపు గేదె లేవక మా ఊరిని నిలబెట్టింది, ఇది లేచి ముంచింది. మాస్టారు సిగ్గుతో తల వంచుకున్నారు. తన ఇంటి పశువు ఇలాంటి పని చేస్తుందని ఆయన అనుకోలేదు. అప్పట్లో తాత మాత్రం, అప్పట్లో గేదెలు వేరు అని ఊరుకున్నాడు.

రెండో నివేదిక కూడా వెళ్లిపోయింది. ఎండలు ముదిరాయి. బావ భుజాలు కాయలు కాచాయి. మడి ఒక్కో వైపు నుంచీ ఎండుతూ వచ్చి, బిందె నీళ్లు పడే ఆ మూల ఒక్కటీ పచ్చగా మిగిలింది. మిగతాదంతా గడ్డిచాప రంగు. ఒకరోజు పిన్ని బిందె బోర్లించి, ఇక చాల్లేరా అంది. బావ అక్కడే గట్టున కూలబడి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. పిన్ని ఏడవలేదు. కొంగుతో వాడి మొహం తుడిచి, ఎవరైనా చూస్తే నవ్వుతారు లేవరా అంది. ఏడ్చి ఉంటేనే బావుండేదని నాకనిపించింది.

మూడోసారి వచ్చే అవసరం పరిశీలకుడికి లేదు. కాగితాలు మూసేముందు ఊరు లేదని ఊళ్లోవాళ్ల చేత ఒక సంతకం పెట్టించుకోవాలట, అందుకు వచ్చాడు. దారి మలుపులో పిన్ని కనబడితే ఆగి, మాస్టారిల్లు ఎటని అడిగాడు. పిన్ని తల ఎత్తకుండానే చెప్పింది.

"ఈ ఎండిపోయిన నారుమడి దగ్గర ఎడమకు తిరుగు బాబూ."

ఆయన రెండడుగులు వేసి ఆగాడు. వెనక్కి వచ్చాడు. మడిని చూశాడు, పిన్నిని చూశాడు.

"దీన్ని అలాగే అంటారా అమ్మా, అందరూ?"

"ఇంకేమంటారు? ఎండిపోయింది కదా."

ఈలోగా తాత అటే వస్తున్నాడు. ఏం తాతా, ఇదేమిటి అని అడిగాడు పరిశీలకుడు. ఎండిపోయిన నారుమడి అన్నాడు తాత. జీవితంలో మొట్టమొదటిసారి ముందు 'అప్పట్లో' అనలేదు. మా ఊరి చరిత్రలో ఇలాంటిది ఎన్నడూ లేదు. పోయింది గనక దానికి పేరు వచ్చింది, పోయి కూడా అది అక్కడే ఉంది.

పరిశీలకుడు ఫోను తీసి నాలుగు వైపుల నుంచీ ఫోటోలు తీశాడు. ఒక్క చిక్కు వచ్చింది. ఆ పచ్చటి మూల ఫోటోలో పడుతోంది, ఎండిపోయింది అన్నదానికి విరుద్ధంగా ఉంది. దాన్ని కాస్త తీసేయగలరా అని నసిగాడు. పిన్ని ఆయన్ని ఒక చూపు చూసింది. తర్వాత మడిలోకి దిగి, ఆ గుప్పెడు నారూ వేళ్లు తెగకుండా పీకి, కొంగు తడిపి చుట్టుకుని ఇంటికి తీసుకుపోయింది. ఇంటి వెనక గిన్నెలు కడిగిన నీళ్లు పారే చోట నాటింది. యాప్‌లో పచ్చదీపం వెలిగింది. "మీరు ఎండిపోయిన నారుమడి చేరుకున్నారు. ఈ ఊరు ఉంది. అభినందనలు," అంది ఆడగొంతు.

మర్నాడే తూము తలుపు ఎత్తారు. బావే ఎత్తాడు. నీళ్లు ఉరికొచ్చాయి. అందరూ విత్తనాలు నానబోశారు, మడులు కట్టారు, ఊళ్లో మళ్లీ అరుపులూ తగాదాలూ మొదలయ్యాయి. పరిశీలకుడు ఏ లాభం లేకపోయినా ఒక సెలవునాడు వచ్చి, కాలువ నిండుగా పారుతుంటే కాసేపు చూసి పోయాడు. పిన్ని ఆయన్ని కూర్చోబెట్టి టీ ఇచ్చింది. గిన్నెల నీళ్ల దగ్గర గుప్పెడు నారు వేళ్లూని నిలదొక్కుకుందని చూపించింది కూడా. ఇవి కంకి వేస్తే కుండ అడుగైనా నిండుతుందని, ఆ అడుగు చాలని చెప్పింది.

తర్వాత విభాగం నుంచి ఉత్తర్వు వచ్చింది. మాస్టారు కళ్లంలో అందరికీ చదివి వినిపించారు. ఊరి అస్తిత్వానికి ఏకైక ఆధారం సదరు నారుమడి అయినందున, దానిని యథాస్థితిలో కాపాడవలెను. తడపరాదు, దున్నరాదు, పచ్చబరచరాదు. సదరు మడి ఎండిపోయిన స్థితి నుండి తప్పినట్లు తేలిన పక్షంలో ఊరు లేనట్లుగా భావించబడును, నీటి సరఫరా నిలిపివేయబడును. సంరక్షణ బాధ్యత యజమానురాలిదే. చుట్టూ తీగ కట్టి ఒక బోర్డు కూడా పాతి వెళ్లారు. రోడ్డు మీద వెళ్లే బళ్లలో ఫోన్లన్నీ ఇప్పుడు అక్కడే ఎడమకు తిరగమని చెబుతున్నాయి. పటం మీద మా ఊళ్లో ఉన్నది అదొక్కటే.

మొన్న తొలకరి పడింది. మబ్బు కమ్మగానే ఊళ్లో అందరూ పారలు భుజాన వేసుకుని పొలాలకు పరిగెత్తారు. మా పిన్ని టార్పాలిన్ పట్టుకుని పరిగెత్తింది.